"నేర్చుకోలేదు మేడమ్, విన్నాను": పాలకొల్లు మాండలిన్ అబ్బాయి చెప్పే పాఠం



ప్రతి నెలా ఈ పేజీలో పిల్లల చదువుకు పనికొచ్చే ఒక పాఠం రాస్తున్నాం. ఈ నెల పాఠం నేను చేసిన ఒక పొరపాటుతో మొదలవుతుంది.

యూనిట్ టెస్ట్‌కి ముందు ఏడో తరగతిలో ఇంగ్లీష్ రివిజన్ చేయిస్తున్నాను. పాస్ట్ టెన్స్ వాక్యాలు బోర్డు మీద రాస్తుంటే వెనక బెంచీ నుంచి టకటకమని చప్పుడు. ఒక బాబు బల్ల మీద వేళ్లతో కొడుతున్నాడు. రెండుసార్లు చెప్పాను, ఆపాడు, మళ్లీ మొదలుపెట్టాడు. మూడోసారి డైరీ తెప్పించుకుని, క్లాసుకి ఇబ్బంది కలిగిస్తున్నాడని ఎర్ర ఇంకుతో రాసి పంపాను.

శనివారం పేరెంట్స్ మీటింగ్‌కి వాళ్ల నాన్నగారు ఆ డైరీ పట్టుకుని వచ్చారు. "తప్పయిపోయింది టీచర్‌గారూ. ఇంట్లోనూ ఇదే గోల. కంచం మీద, బకెట్ మీద, ఏది దొరికితే దాని మీద కొడతాడు. వాడికి ఆ మ్యూజిక్ పీరియడ్ తీసేయించండి. ఆ టైంలో నాలుగు లెక్కలు చేయిస్తే దారిలో పడతాడు" అన్నారు. నేను "అలాగేనండీ, చూద్దాం" అన్నాను. నిజం చెప్పాలంటే అప్పుడు నాకూ అదే సరైన పని అనిపించింది.

రెండు రోజుల తర్వాత సాయంత్రం ఇంటికి వెళ్తుంటే వీరాంజనేయస్వామి గుడి దగ్గర పెళ్లి ఊరేగింపు అడ్డం వచ్చింది. సన్నాయి మేళం నిలబడి వాయిస్తోంది. బండి ఆపుకుని నిలబడ్డాను. డోలు వాయించే ఆయన ఒక చేత్తో కర్ర, ఇంకో చేతి వేళ్లకు తొడుగులు పెట్టుకుని వాయిస్తున్నారు. కాసేపటికి ఆ దరువు నాకు తెలిసినట్టే అనిపించింది. క్లాసులో ఆ బాబు బల్ల మీద కొట్టింది అదే. ఎక్కడ ఆగాలో అక్కడే ఆగి, ఎక్కడ తిరిగి అందుకోవాలో అక్కడే అందుకున్నాడు.

మర్నాడు ఇంటర్వెల్‌లో అడిగాను, "ఇది ఎక్కడ నేర్చుకున్నావురా?" అని. తిడతానేమోనని తల దించుకుని చెప్పాడు: "నేర్చుకోలేదు మేడమ్, విన్నాను."

ఆ ఒక్క మాట కోసమే ఈ వ్యాసం. పిల్లల్లో సంగీతం ఎలా మొదలవుతుంది, పెద్దవాళ్లు ఏం చేస్తే అది నిలబడుతుంది, ఏం చేస్తే దెబ్బతింటుంది అనే విషయాన్ని మన తెలుగు గడ్డ మీదే పుట్టిన ఒక పిల్లవాడి జీవితం ద్వారా చూద్దాం. మీ అబ్బాయితోనో అమ్మాయితోనో కలిసి చదవండి. చివర్లో ప్రశ్నలు కూడా ఉన్నాయి.

నాన్నగారి వాయిద్యం

మన నిడుబ్రోలు స్టేషన్‌లో రైలెక్కి విజయవాడ వెళ్లి, అక్కడి నుంచి నరసాపురం వైపు వెళ్లే రైలు పట్టుకుంటే దారిలో గుడివాడ, భీమవరం దాటాక పాలకొల్లు వస్తుంది. పంచారామాల్లో ఒకటైన క్షీరారామం ఉన్న ఊరు. అక్కడ 1969 ఫిబ్రవరి 28న ఉప్పలపు శ్రీనివాస్ పుట్టారు. తర్వాత లోకమంతా ఆయన్ని మాండలిన్ శ్రీనివాస్ అని పిలిచింది. వాయిద్యం పేరే ఇంటిపేరు అయిపోయింది.

తండ్రి సత్యనారాయణగారు సంగీతం తెలిసినవారు. క్లారినెట్ వాయించేవారు. ఇంట్లో మాండలిన్ కూడా ఉండేది. ఐదారేళ్ల శ్రీనివాస్ ఆ మాండలిన్ తీసుకుని, తను విన్నదాన్ని దాని మీద పలికించడం మొదలుపెట్టాడు. ఎవరూ కూర్చోబెట్టి నేర్పలేదు.

ఇక్కడ ఒక్క క్షణం ఆగండి. మన ఇంట్లో అయితే ఏం జరిగేది? "అది ఆటవస్తువు కాదు, అక్కడ పెట్టు" అనేవాళ్లం. తీగ తెగితే ఎంతవుతుందో లెక్క వేసేవాళ్లం. సత్యనారాయణగారు అలా అనలేదు. వాడిలో ఏదో ఉందని గుర్తించి, వాడికోసం వేరే మాండలిన్ కొని, తనకు తెలిసినంత నేర్పడం మొదలుపెట్టారు. 1976 ప్రాంతంలో గిటారిస్టు వాసూరావుగారి దగ్గర పాశ్చాత్య సంగీతం కూడా పరిచయమైంది. అప్పటికి శ్రీనివాస్‌కి ఏడేళ్లు.

వాయించడం రాని గురువు

శ్రీనివాస్‌కి కర్ణాటక సంగీతం నేర్పిన గురువు రుద్రరాజు సుబ్బరాజుగారు. ఈయన తండ్రి సత్యనారాయణగారికి కూడా గురువే. ప్రసిద్ధ గాయకులు చెంబై వైద్యనాథ భాగవతార్ శిష్యులు. అయితే ఆయనకు మాండలిన్ వాయించడం రాదు.

మరి ఎలా నేర్పారు? ఆయన పాడేవారు, పిల్లవాడు విని వాయించేవాడు. ఆయన గొంతులో స్వరం ఎలా ఊగితే ఈ తీగ మీద అలా ఊగాలి. వేలు ఎక్కడ పెట్టాలి, తీగ ఎంత లాగాలి అని చెప్పేవాళ్లు లేరు. అది పిల్లవాడే కనిపెట్టుకోవాలి.

టీచరుగా నాకు ఈ ఘట్టం చాలా ఇష్టం. మేం బీఈడీలో చదువుకున్న మాట ఒకటుంది: సమాధానం అందించేవాడికంటే సమస్యను సరిగ్గా ముందుంచేవాడే మంచి ఉపాధ్యాయుడు అని. సుబ్బరాజుగారు ముందుంచిన సమస్య, "ఇది నా గొంతులో ఇలా ఉంది, నీ చేతిలో ఎలా పలుకుతుందో చూడు" అన్నది. ఆ సమస్యను రోజూ పరిష్కరించుకుంటూ పెరిగిన పిల్లవాడికి ఇంకెవరికీ లేని వాయింపు పద్ధతి వచ్చింది. వేరొకరి చేతిని అనుకరించే వీలే లేకపోవడం వల్ల తన చేయి తయారైంది.

చాలామంది తల్లిదండ్రులు నన్ను అడుగుతుంటారు: "మాకు ఇంగ్లీష్ రాదు టీచర్‌గారూ, పిల్లవాడికి ఇంట్లో ఎలా సాయం చేయాలి?" అని. సుబ్బరాజుగారిని గుర్తు తెచ్చుకోండి. పక్కన కూర్చుని వినగలిగితే, తప్పు వినబడినప్పుడు "ఇంకోసారి చదువు" అనగలిగితే చాలు. ఆ సాయం చేయడానికి మీకు ఇంగ్లీష్ రానక్కర్లేదు.

ఆ వాయిద్యంలో ఉన్న చిక్కు

పిల్లలకు ఈ భాగం వివరంగా చెప్పండి. సైన్స్ పాఠానికి కూడా పనికొస్తుంది.

మాండలిన్ ఇటలీ నుంచి వచ్చిన వాయిద్యం. మామూలు మాండలిన్‌కి ఎనిమిది తీగలుంటాయి. రెండేసి చొప్పున నాలుగు జతలు, జతలోని రెండు తీగలకూ ఒకే శ్రుతి. చిన్న బిళ్లతో మీటుతారు. మీటగానే స్వరం టింగుమని పలికి వెంటనే ఆరిపోతుంది. అందుకే పాశ్చాత్య వాదకులు ఒకే స్వరాన్ని గబగబా మీటుతూ నిలబెడతారు.

మన కర్ణాటక సంగీతానికి ఇది సరిపడదు. మన రాగంలో స్వరం మెట్టు మీద మెట్టులా ఉండదు. ఒక స్వరం నుంచి ఇంకో స్వరానికి జారుతుంది, ఊగుతుంది. దాన్నే గమకం అంటాం. గమకం లేకపోతే రాగం రాగంలా ఉండదు. వీణలో తీగను పక్కకు లాగి గమకం పలికిస్తారు. మాండలిన్‌లో జత తీగలు బిగువుగా ఉంటాయి, మెడ చిన్నది, స్వరం నిలవదు. కాబట్టి "ఇది సినిమా పాటలకు పనికొస్తుంది గానీ కచేరీకి ఎలా పనికొస్తుంది?" అని పెద్దలు అనుకోవడంలో తప్పు లేదు.

శ్రీనివాస్ దారి వేరు. ఆయన ఎలక్ట్రిక్ మాండలిన్ పట్టుకున్నారు. జత తీగల స్థానంలో ఒంటి తీగలు వేసుకున్నారు. అప్పుడు తీగను లాగడం, దాని మీద వేలు జార్చడం వీలైంది. కింది స్థాయి స్వరాల కోసం ఐదో తీగ చేర్చారు. తీగ కదలికను విద్యుత్తుగా మార్చే పికప్ ఉండటం వల్ల చిన్న కదలిక కూడా స్పీకర్‌లో వినిపిస్తుంది, స్వరం ఎక్కువసేపు నిలుస్తుంది. సంప్రదాయం గమకం కావాలంది, వాయిద్యం ఇవ్వనంది. ఆయన సంప్రదాయాన్ని తగ్గించలేదు, వాయిద్యాన్ని మార్చుకున్నారు.

ఇలాంటిది మన దగ్గర ఇదే మొదటిసారి కాదు. వయొలిన్ కూడా యూరప్ నుంచే వచ్చింది. విజయనగరం సంగీత కళాశాలలో పాఠాలు చెప్పిన ద్వారం వెంకటస్వామి నాయుడుగారి చేతిలో అది ఎంత మనదైపోయిందంటే, ఇవాళ వయొలిన్ లేని కర్ణాటక కచేరీని ఊహించలేం. "ఇది మన వాయిద్యం కాదు" అన్న మాట ఒక తరం దాటితే నిలబడకపోవచ్చు.

గుడివాడ నుంచి బెర్లిన్ దాకా

1978లో గుడివాడలో త్యాగరాజ ఆరాధనోత్సవాల్లో శ్రీనివాస్ తొలి కచేరీ చేశారు. వయసు తొమ్మిదేళ్లు. అంటే మన స్కూల్లో నాలుగో తరగతి పిల్లవాడు.

ఆ తర్వాత కుటుంబం మద్రాసు చేరింది. పిల్లవాడి సంగీతం కోసం ఒక ఇల్లు ఊరు మారింది. 1981 డిసెంబర్ సంగీతోత్సవాల్లో ఇండియన్ ఫైన్ ఆర్ట్స్ సొసైటీ వేదిక మీద పన్నెండేళ్ల శ్రీనివాస్ వాయించారు. మద్రాసు డిసెంబర్ సీజన్ అంటే కర్ణాటక సంగీతానికి పబ్లిక్ పరీక్ష లాంటిది. ముందు వరుసల్లో కూర్చున్నవాళ్లకు ప్రతి రాగం, ప్రతి కృతీ తెలుసు. ఎలక్ట్రిక్ మాండలిన్ పట్టుకుని వచ్చిన పిల్లవాణ్ని అనుమానంగా చూసినవాళ్లు ఉన్నారు. కచేరీ విన్నాక ఆ అనుమానం నిలవలేదు.

1983లో బెర్లిన్ జాజ్ ఫెస్టివల్‌లో వాయించారు. అప్పటికి పద్నాలుగేళ్లు. 1995లో కెనడా సంగీతకారుడు మైకేల్ బ్రూక్‌తో కలిసి ఒక ఆల్బమ్ చేశారు. 1998లో పద్మశ్రీ వచ్చింది. ఆ తర్వాత ఇంగ్లండ్ గిటారిస్టు జాన్ మెక్‌లాఫ్లిన్, తబలా విద్వాంసులు జాకిర్ హుస్సేన్‌లతో రిమెంబర్ శక్తి బృందంలో చేరి దేశదేశాలు తిరిగారు. తమ్ముడు రాజేష్ కూడా మాండలిన్ విద్వాంసుడయ్యారు.

కాలేయ వ్యాధితో 2014 సెప్టెంబర్ 19న చెన్నైలో కన్నుమూశారు. 45 ఏళ్లకే వెళ్లిపోయినా, అందులో 36 ఏళ్లు వేదిక మీదే గడిపారు.

బాలమేధావి అన్న పేరుతో మొదలైనవాళ్లలో చాలామంది పెద్దయ్యాక ఆ పేరు దగ్గరే ఆగిపోతారు. ఈయన ఎందుకు ఆగలేదు? మొదట జనం చూసింది "ఇంత చిన్నవాడా!" అని. కానీ ఆయన చేతిలో ఉన్నది వయసుతో పాటు పోయే ముచ్చట కాదు. రాగజ్ఞానం, కృతుల పాఠం, తాళం మీద పట్టు అన్నీ గురువు దగ్గర గట్టిగా పడ్డాయి. ముచ్చట తగ్గినా విద్య పెరుగుతూ పోయింది.

మంగళంపల్లి బాలమురళీకృష్ణగారి విషయంలోనూ ఇదే చూస్తాం. తల్లి పసితనంలోనే పోయారు. తండ్రి పట్టాభిరామయ్యగారు వేణువు వాయించేవారు. కొడుకుని పారుపల్లి రామకృష్ణయ్య పంతులుగారి దగ్గర పెట్టారు. విజయవాడలో త్యాగరాజ ఆరాధనలో పూర్తి కచేరీ చేసేనాటికి ఎనిమిదేళ్లు. అక్కడా మొదట గమనించింది తండ్రి, తర్వాత గట్టి పునాది వేసింది గురువు. వేదిక ఆ రెండింటి తర్వాతే వచ్చింది.

సముద్రం అవతల అదే వయసు పిల్లలు

ఇప్పుడు మాండలిన్‌తో పాటే కాస్త దూరం వెళ్దాం. అమెరికా దక్షిణ రాష్ట్రాల్లో పల్లె పాటలకు మాండలిన్ ముఖ్యమైన వాయిద్యం. బిల్ మన్రో అనే మాండలిన్ వాదకుడు అక్కడ పెద్ద పేరు. 1954లో ఎల్విస్ ప్రెస్లీ అనే పంతొమ్మిదేళ్ల కుర్రాడు మెంఫిస్ నగరంలో తన మొదటి రికార్డు చేసినప్పుడు, దాని రెండో వైపు పాడింది మన్రో పాటనే. కాకపోతే నెమ్మదైన పాటను పరుగులు పెట్టించాడు. పల్లె పాట, నల్లజాతి గాయకుల బ్లూస్ పాట, ఎలక్ట్రిక్ గిటార్ కలిసి పుట్టిన ఆ హుషారైన సంగీతానికి రాకబిల్లీ అని పేరు వచ్చింది.

రాకబిల్లీలోనూ బాలమేధావులు వచ్చారు. ఇద్దరి గురించి చెప్తాను, ఎందుకంటే వాళ్ల కథల్లో మనకు పనికొచ్చే హెచ్చరిక ఉంది.

మొదటివాడు లారీ కాలిన్స్. పుట్టింది 1944లో. అక్క లోరీతో కలిసి కాలిన్స్ కిడ్స్ పేరుతో 1954 నుంచి టౌన్ హాల్ పార్టీ అనే టీవీ కార్యక్రమంలో వాయించాడు. పదేళ్లవాడు తన ఒంటికి మించిన రెండు మెడల గిటార్ పట్టుకుని గెంతుతూ వాయించేవాడు. ఆ గెంతులు జనానికి ముచ్చట. కానీ వెనక జో మాఫిస్ అనే పెద్ద గిటారిస్టు ఉన్నాడు. పిల్లవాణ్ని పక్కన కూర్చోబెట్టుకుని నేర్పాడు, జోడీగా వాయించాడు. పెద్దయ్యాక గెంతులు పోయినా లారీ సంగీతంలోనే ఉన్నాడు. పాటలు రాశాడు. అతను ఇంకొకరితో కలిసి రాసిన డెల్టా డాన్ అనే పాటను 1972లో టాన్యా టక్కర్ అనే పదమూడేళ్ల అమ్మాయి పాడి పేరు తెచ్చుకుంది. ఒక బాలకళాకారుడు రాసిన పాట ఇంకో బాలకళాకారిణికి దారి చూపింది.

రెండో అమ్మాయి బ్రెండా లీ. ఈమె పుట్టిందీ 1944లోనే. జార్జియా రాష్ట్రంలో పేద కుటుంబం. ఎనిమిదేళ్లప్పుడు తండ్రి భవన నిర్మాణ పనిలో ప్రమాదం జరిగి చనిపోయాడు. ఆ తర్వాత ఇల్లు గడవడానికి పాటే ఆధారమైంది. పదేళ్ల వయసుకే ఇంటికి ముఖ్య సంపాదన ఆ పిల్ల గొంతు. 1956లో రికార్డు కంపెనీ ఒప్పందం వచ్చింది. 1958లో పదమూడేళ్లప్పుడు పాడిన ఒక క్రిస్మస్ పాట 65 ఏళ్ల తర్వాత, 2023 డిసెంబర్‌లో, అమెరికా పాటల జాబితాలో మొదటి స్థానానికి చేరింది.

ఎంత గొప్ప విజయమో కదా అనిపిస్తుంది. గొప్పదే. కానీ పదేళ్ల పిల్లకు జ్వరం వస్తే ఇంట్లో డబ్బు ఆగిపోయే పరిస్థితిని ఒక్కసారి ఊహించుకోండి. ఆమె నిలబడింది. అందరూ నిలబడలేరు. పిల్లల కళ ఇంటికి వెలుగు కావచ్చు, ఇంటి బరువు మాత్రం కాకూడదు.

చట్టం ఏం చెప్తోంది

టీవీ పాటల పోటీలకు, యూట్యూబ్ వీడియోలకు పిల్లల్ని తీసుకెళ్తున్న తల్లిదండ్రులు మన స్కూల్లోనూ ఉన్నారు. అందులో తప్పేమీ లేదు. అయితే మన దేశంలో బాలకార్మిక చట్టానికి 2016లో సవరణ, 2017లో నియమాలు వచ్చాయి. పద్నాలుగేళ్లలోపు పిల్లలు టీవీ, సినిమా లాంటి వినోద కార్యక్రమాల్లో పనిచేసేటప్పుడు పాటించాల్సిన ముఖ్య విషయాలు ఇవి:

1. రోజుకు 5 గంటలకు మించి పని చేయించకూడదు. విశ్రాంతి లేకుండా 3 గంటలకు మించకూడదు.

2. కార్యక్రమం చేసే సంస్థ జిల్లా మేజిస్ట్రేట్ అనుమతి తీసుకోవాలి.

3. పిల్లల సంపాదనలో కనీసం 20 శాతం జాతీయ బ్యాంకులో పిల్లల పేరు మీద ఫిక్స్‌డ్ డిపాజిట్ చేయాలి.

4. వరసగా 27 రోజులకు మించి పని చేయించకూడదు. చదువు ఆగకూడదు.

5. పిల్లల ఇష్టానికి వ్యతిరేకంగా పాల్గొనేలా చేయకూడదు.

ఐదోది మరోసారి చదవండి. "నీకు ఇష్టమేనా?" అని అడగడం చట్టం కోరిన విషయం. అయితే ఆ ప్రశ్నను మైకుల ముందు, చుట్టాల ముందు అడిగితే నిజమైన జవాబు రాదు. ఇంట్లో, తీరిగ్గా, "లేదు" అన్నా కోప్పడరనే నమ్మకం కలిగేలా అడగాలి.

"అందరూ శ్రీనివాస్ అవుతారా టీచర్‌గారూ?"

మీలో చాలామంది మనసులో ఈ ప్రశ్న ఉందని తెలుసు. కారు. నేనూ మీకు అబద్ధం చెప్పను. బల్ల మీద దరువు వేసే ప్రతి పిల్లవాడూ విద్వాంసుడు కాడు. క్రికెట్ ఆడే ప్రతివాడూ ఇండియా టీమ్‌కి వెళ్లడు. అలాగని సాయంత్రం బ్యాట్ లాక్కోం కదా.

మిరపకాయకు రేటు ఉంటుందో ఉండదో తెలియని ఏడాది కూడా ఫీజు కట్టే తల్లిదండ్రులు మీరు. లెక్కలు, సైన్స్ వస్తే పిల్లల బతుకు నిలబడుతుందని మీ నమ్మకం. దాన్ని నేను తక్కువ చేయను. మా ఇంట్లోనూ అదే నమ్మకంతో నన్ను చదివించారు. చదువు మాని సంగీతం పట్టమని ఈ వ్యాసం అనడం లేదు.

నేను అడిగేది చిన్న విషయం. వారంలో ఉన్న ఒక్క మ్యూజిక్ పీరియడ్‌ని లెక్కల కోసం తీసేస్తే పిల్లవాడికి 40 నిమిషాల లెక్కలు అదనంగా వస్తాయి. కానీ తను బాగా చేయగలిగిన పని ఒకటి స్కూల్లో ఉందన్న ధైర్యం పోతుంది. క్లాసులో వెనకబడిన పిల్లలకు ఆ ధైర్యం చాలా అవసరం. కళలకు, చదువుకు మధ్య గట్టి గోడ కట్టవద్దని 2020 జాతీయ విద్యావిధానం కూడా చెప్తోంది.

ఇంకో మాట. సంగీతం నేర్చుకునే పిల్లవాడు నిజానికి నేర్చుకునేది వినడం. తర్వాత తన తప్పు తనే వినడం. తర్వాత నెమ్మదిగా మళ్లీ చేయడం. ఇంగ్లీష్ ఉచ్చారణకు నేను క్లాసులో చెప్పే పద్ధతి కూడా ఇదే. ఎక్కాలు నేర్చుకునే పద్ధతీ ఇదే.

ఇంట్లో ఈ నెల చేయదగ్గవి

1. ఒక వారం పాటు గమనించండి. మీ పాప లేదా బాబు ఎవరూ చెప్పకుండా, మార్కుల కోసం కాకుండా మళ్లీ మళ్లీ చేస్తున్న పని ఏది? ఒక కాగితం మీద రాసుకోండి. అది సంగీతమే కానక్కర్లేదు.

2. ఖరీదైన కీబోర్డు వెంటనే కొనకండి. ముందు ఇంట్లో ఉన్నదాని మీద, గుడి భజనలో, చర్చి పాటల్లో, స్కూలు ప్రేయర్‌లో ఎంత ఆసక్తి ఉందో చూడండి. ఆసక్తి కొన్ని నెలలు నిలబడితే అప్పుడు కొనండి.

3. నేర్పేవారిని వెతికేటప్పుడు పోటీలకు ఎంత త్వరగా పంపుతారని అడగకండి. మొదటి ఏడాది ఏం నేర్పుతారని అడగండి.

4. రోజూ 20 నిమిషాలు చాలు. ఆ టైంలో ఫోన్, టీవీ కట్టేసి మీరూ కూర్చుని వినండి. బాగుందో లేదో తీర్పు చెప్పనక్కర్లేదు.

5. చుట్టాలు వచ్చిన ప్రతిసారీ "ఏదీ, ఒక పాట పాడు" అనకండి. పాడాలనిపిస్తే వాళ్లే పాడతారు.

6. పరీక్షల నెలలో టైం తగ్గించండి, పూర్తిగా ఆపకండి. ఒకసారి ఆగిన సాధన తిరిగి మొదలవడం చాలా కష్టం. నేను పదో తరగతిలో పక్కన పెట్టిన హార్మోనియం ఇప్పటికీ మా ఇంట్లో అటక మీదే ఉంది.

పిల్లలతో కలిసి మాట్లాడుకునేందుకు ప్రశ్నలు

1. మాండలిన్ వాయించడం రాని గురువు శ్రీనివాస్‌కి ఎలా నేర్పగలిగారు? నీకు ఎవరైనా అలా ఏదైనా నేర్పారా?

2. శ్రీనివాస్ తన మాండలిన్‌లో చేసుకున్న మార్పులు ఏవి? ఒక్కో మార్పు ఏ ఇబ్బందిని తీర్చింది?

3. యూరప్ నుంచి వచ్చి మనదైపోయిన వాయిద్యం ఇంకొకటి చెప్పు.

4. బ్రెండా లీ స్థానంలో నువ్వుంటే నీకు ఏది సంతోషంగా ఉండేది, ఏది భయంగా ఉండేది?

5. మన ఊళ్లో మేళం వాయించేవాళ్లు, భజన చేసేవాళ్లు, హార్మోనియం వాయించేవాళ్లలో ఒకరిని కలిసి, ఏ వయసులో ఎవరి దగ్గర నేర్చుకున్నారో అడిగి పది వాక్యాలు రాయి. తెలుగులోనైనా, ఇంగ్లీష్‌లోనైనా సరే.

ఐదో ప్రశ్నకు జవాబులు నాకు పంపండి. క్లాసులో చదివిద్దాం.

చివరిగా ఆ బాబు సంగతి. వాళ్ల నాన్నగారికి ఫోన్ చేశాను. "డైరీలో నేను రాసింది సగమే నిజమండీ. క్లాసులో కొట్టడం తప్పే. కానీ కొట్టింది మాత్రం తప్పుగా కొట్టలేదు" అన్నాను. ఆయన కాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత, "మా నాన్న డోలు వాయించేవాడండీ. నేనే నేర్చుకోలేదు" అన్నారు.

మ్యూజిక్ పీరియడ్ ఉంచాలా, తీసేయాలా అనేది ఆయన ఇంకా తేల్చలేదు. వచ్చే శనివారం మీటింగ్‌కి వస్తానన్నారు. ఈలోపు బాబుకీ నాకూ ఒక ఒప్పందం కుదిరింది. ఇంగ్లీష్ క్లాసులో బల్ల మీద వేళ్లు ఆడవు. శుక్రవారం ఆఖరి పీరియడ్‌లో ఐదు నిమిషాలు వాడివి. క్లాసంతా వింటుంది. నేనూ వింటాను.

మీ పిల్లల ఇంగ్లీష్ టీచర్